అమ్మ టీబీ కిట్టు తీసుకుంటున్న ఫొటో ఊరి గ్రూపులో పెట్టారు, ఇప్పుడు బండి దగ్గరికి ఎవరూ రావట్లేదు, ఏం చెయ్యాలి?

పల్నాటి_పిల్లోడు | సోమవారం రాత్రి 10:14

అందరికీ నమస్కారం. కొంచెం పెద్ద పోస్టు, ఓపిగ్గా చదవండి. మా అమ్మకి యాభై రెండేళ్ళు. నాన్న పోయాక పదకొండేళ్ళ నుంచి ఊళ్ళో రామాలయం పక్కన ఇడ్లీ బండి పెట్టుకుని నన్నూ చెల్లినీ చదివించింది. నేనిప్పుడు హైదరాబాద్‌లో చేస్తున్నా, బండి మానెయ్యమ్మా అంటే మానదు, అదే తన ప్రాణం. రెండున్నర నెలల కింద దగ్గు ఎంతకీ తగ్గకపోతే పీహెచ్‌సీకి వెళ్ళింది, కళ్ళె పరీక్ష చేసి టీబీ అన్నారు. మందులు అక్కడే ఫ్రీగా ఇచ్చారు. డాక్టరు గారు కూడా బాగానే మాట్లాడారు, కొన్నాళ్ళు ఇంట్లో ఉండమన్నారు, ఉంది, ఇక బండి పెట్టుకోవచ్చు అని ఆయన అన్నాకే పెట్టుకుంది. ఊళ్ళో ఎవరికీ చెప్పుకోలేదు, మా మేనత్తకి కూడా తెలీదు.

పోయిన నెల ఫోన్ చేసి పోషకాహారం కిట్టు ఇస్తాం రమ్మన్నారంట. కందిపప్పు, పల్లీలు, నూనె, పాలపొడి. అమ్మ వెళ్ళింది. అక్కడ ఫ్లెక్సీ కట్టి ఉంది, దాని మీద క్షయ వ్యాధిగ్రస్తులకు అని ఈ చివర్నుంచి ఆ చివరిదాకా అక్షరాలు. కిట్లు స్పాన్సర్ చేసిన పెద్దాయన మధ్యలో, ఇటు నలుగురు అటు నలుగురు పేషెంట్లు. అమ్మ కొంగు మొహానికి అడ్డం పెట్టుకుంటే తియ్యమ్మా ఫొటోలో పడాలి అన్నారంట. సాయంత్రానికి అది ఊరి వాట్సాప్ గ్రూపులో ఉంది, కింద వరసగా ఎనిమిది మంది పేర్లు.

అంతకుముందు రోజూ పొద్దున పన్నెండు పదమూడు వాయలు పోయేవి. మర్నాడు రెండు వాయలు మిగిలిపోయి గేదెకి పెట్టింది. వారం తర్వాత బండి తియ్యడం మానేసింది. నాకు ఇవేమీ చెప్పలేదు. మొన్న ఇంటికెళ్తే మాత్రల అట్టలు అట్టలుగానే ఉన్నాయి, తొమ్మిది రోజుల నుంచి వేసుకోలేదు, ఆ ఆస్పత్రి మొహం చూడనురా అంటుంది. నాకు ఏడుపొచ్చింది. ఇది తప్పు కాదా? ఎవర్ని అడగాలి? ఫొటో కింద పెడుతున్నా, చూడండి ఎలా నిలబెట్టారో.

అడ్మిన్_అరుంధతి | సోమవారం రాత్రి 10:31

తమ్ముడూ, ఫొటో నేను తీసేశాను, తప్పుగా అనుకోవద్దు. అమ్మ మొహం చెరిపావు గానీ మిగతా ఏడుగురివీ అలాగే ఉన్నాయి, ఫ్లెక్సీ మీద ఊరి పేరు కూడా కనపడుతోంది. ఇక్కడ వేల మంది చూస్తారు. నీ బాధ అర్థమైంది, చర్చ కొనసాగనివ్వండి.

పల్నాటి_పిల్లోడు | సోమవారం రాత్రి 10:34

అయ్యో నిజమే అక్కా, కోపంలో ఆలోచించలేదు. సారీ.

డ్యూటీ_డాక్టర్ | సోమవారం రాత్రి 11:20

మిగతా విషయాలు తర్వాత, ముందు మందులు. తొమ్మిది రోజులు ఆగిపోయిందంటే కంగారు పడక్కర్లేదు గానీ రేపే మొదలుపెట్టించాలి, ఎన్ని రోజులు మానేసిందో డాక్టరుకి దాచకుండా చెప్పాలి, ఆ రోజులు చివర్లో కలుపుతారు. మామూలు టీబీకి ఆరు నెలల కోర్సు, మొదటి రెండు నెలలు నాలుగు రకాల మందు కలిపిన మాత్రలు, తర్వాత నాలుగు నెలలు మూడు రకాలు. మధ్యలో ఆపి ఆపి వేసుకుంటే మందులకి లొంగని టీబీ వచ్చే ప్రమాదం ఉంది, అప్పుడు మందులూ ఎక్కువ, ఇబ్బందులూ ఎక్కువ. ఆ పీహెచ్‌సీకే వెళ్ళనంటే బలవంతం పెట్టకండి. టీబీ పేషెంట్ల వివరాలు నమోదు చేసే ప్రభుత్వ వెబ్‌సైటు నిక్షయ్ పోర్టల్లో ఆవిడ పేరు మీద ఐడీ ఉంటుంది, దాన్ని వేరే ఆస్పత్రికి ట్రాన్స్‌ఫర్ చెయ్యమని అడగొచ్చు. దారి తెలీకపోతే 1800-11-6666కి ఫోన్ చెయ్యండి, టీబీ వాళ్ళ కోసం ఉన్న టోల్ ఫ్రీ నంబరు.

సబ్‌సెంటర్_సిస్టర్ | మంగళవారం ఉదయం 6:05

నేను ఏఎన్ఎంని, అంటే పల్లెల్లో తిరిగే ఆరోగ్య కార్యకర్తని, పంతొమ్మిదేళ్ళ సర్వీసు. బాబూ, మీ అమ్మగారికి జరిగింది చదివి రాత్రి నిద్ర పట్టలేదు, ఎందుకంటే ఇలాంటి ఫొటో నేనూ తీశాను. ఒకటి కాదు.

మా వైపు నుంచి కూడా చెప్తాను, సమర్థించుకోడానికి కాదు. మా పని జరిగిందని చూపించాలంటే ఫొటో కావాలి. మీటింగ్ అయితే ఫొటో, ఇంటికి వెళ్తే ఫొటో, కిట్టు ఇస్తే ఫొటో. మండలం గ్రూపులో పెడితేనే ఆ రోజు పని చేసినట్టు. స్పాన్సర్ చేసినాయన తన మొహం కనపడాలంటాడు, ఆయన్ని నొప్పిస్తే వచ్చే నెల కిట్టు రాదు, రాకపోతే పేషెంటుకే నష్టం అనుకుంటాం. మాకు పెట్టిన ట్రైనింగుల్లో యాప్‌లో ఎంట్రీ ఎలా చెయ్యాలో గంటలకొద్దీ నేర్పారు గానీ ఫొటో తీసేముందు అడగాలని నాకు ఎవరూ చెప్పిన గుర్తు లేదు. చెప్పకపోతే మాత్రం తెలియదా అంటే తెలుసు. మా అమ్మాయినైతే అలా నిలబెట్టేదాన్నా?

అలా పెట్టిన ఒక ఫొటో తర్వాత మా పక్క పల్లెలో కళ్ళె డబ్బాలు ఇస్తే ఒక్కరు తీసుకోలేదు. నాకు దగ్గు లేదు సిస్టరు అని దగ్గుతూనే చెప్పాడు ఒక పెద్దాయన. ఆయనకి ఆరు నెలల తర్వాత గుంటూరులో బయటపడింది, అప్పటికి ఇంట్లో మనవడికి కూడా అంటింది.

వీధి_అరుగు | మంగళవారం ఉదయం 8:40

ఆమె బాధ అర్థం చేసుకుంటా కానీ ఒక మాట అడుగుతా, కోపం తెచ్చుకోకండి. ఆ బండి దగ్గర చిన్నపిల్లలు తింటారు, ముసలివాళ్ళు తింటారు. అంటువ్యాధి ఉన్న మనిషి వండి పెడుతుంటే తినేవాడికి తెలుసుకునే హక్కు లేదా? గుట్టు ఒకరిదైతే ప్రాణం ఇంకొకరిది కదా. కరోనాలో ఏ ఇంట్లో ఉందో తెలిసింది కాబట్టే మా వీధిలో జాగ్రత్తపడ్డాం.

డ్యూటీ_డాక్టర్ | మంగళవారం ఉదయం 9:15

అడగాల్సిన ప్రశ్నే. టీబీ గాల్లోంచి వస్తుంది, ఇడ్లీలోంచి రాదు, ప్లేటు మీద నుంచి రాదు, గ్లాసు మీద నుంచి రాదు. మందు మొదలుపెట్టి సరిగ్గా వేసుకుంటే సాధారణంగా కొన్ని వారాల్లోనే అంటించే గుణం బాగా తగ్గిపోతుంది, అందుకే ఆవిడ డాక్టరు బండి పెట్టుకోమన్నారు. ఊరికి ప్రమాదం ఆవిడ నుంచి కాదు. పరీక్షకి వెళ్ళకుండా, మందు లేకుండా పక్కన కూర్చుని దగ్గుతున్నవాడి నుంచి. పైన సిస్టర్ గారు చెప్పిన పెద్దాయన లాంటివాళ్ళు. ఆ ఫొటో చూసినవాడు పరీక్షకి వెళ్తాడా, ఇంకా దాక్కుంటాడా, మీరే చెప్పండి.

టీబీని 2012 మే నుంచి ప్రభుత్వానికి తప్పనిసరిగా తెలియజెయ్యాల్సిన జబ్బుల్లో పెట్టారు, ప్రైవేటు డాక్టరు కూడా చెప్పి తీరాలి. అంటే తెలియాల్సినవాళ్ళకి తెలిసే ఏర్పాటు ఉంది. ఆ సమాచారం మందు అందించడానికీ, ఇంట్లోవాళ్ళకి పరీక్ష చెయ్యడానికీ. ఊరి గ్రూపు ఆ ఏర్పాటులో ఎక్కడా లేదు.

కోర్టు_మెట్లు | మంగళవారం మధ్యాహ్నం 1:10

కోర్టు నుంచి వచ్చి భోజనం చేస్తూ రాస్తున్నా, తప్పులుంటే సర్దుకోండి.

వీధి అరుగు గారి ప్రశ్న సుప్రీంకోర్టు దాకా వెళ్ళిందే. 1998లో మిస్టర్ ఎక్స్ వర్సెస్ హాస్పిటల్ జెడ్ అని కేసు, పేర్లు దాచి అలా పిలిచారు. ఒకాయన రక్తం ఇవ్వడానికి వెళ్తే పరీక్షలో హెచ్ఐవీ తేలింది, విషయం బయటికొచ్చి కుదిరిన పెళ్ళి ఆగిపోయింది. నా గుట్టు బయటపెట్టారని ఆస్పత్రి మీద కేసు వేశాడు. కోర్టు ఒప్పుకోలేదు, పెళ్ళికూతురి ప్రాణం ముఖ్యం అంది. కాబట్టి రోగి గుట్టుకి మినహాయింపే లేదని ఎవరూ అనట్లేదు. కానీ ఆ మినహాయింపు ఎంత ఇరుకో చూడండి. ఫలానా మనిషికి, ఫలానా ప్రమాదం. డాక్టర్లకున్న 2002 నాటి ప్రవర్తనా నియమాల్లో కూడా అదే ఉంది, కోర్టు అడిగితే, ఒక మనిషికో సమాజానికో నిజమైన తీవ్ర ప్రమాదం ఉంటే, తెలియజెయ్యాల్సిన జబ్బయితే, అంతే. రోగి ఎవరో తెలిసేలా ఫొటోలు అనుమతి లేకుండా ప్రచురించకూడదని కూడా అందులోనే ఉంది.

కరోనా సంగతి. ఇళ్ళ ముందు పోస్టర్లు అంటించారు గుర్తుందా, 2020 డిసెంబరు 9న సుప్రీంకోర్టు చెప్పింది, విపత్తు నిర్వహణ చట్టం కింద అధికారి ప్రత్యేకంగా ఆదేశం ఇస్తే తప్ప అలా అంటించకూడదని. వాటివల్ల రోగుల్ని ఎలా చూశారో ఆ కేసులో వివరంగా వచ్చింది.

ఇక తమ్ముడి విషయం. నిజం చెప్తా, చట్టం ఇక్కడ అతుకుల బొంత. హెచ్ఐవీకి 2017లో విడిగా చట్టం ఉంది, మానసిక వైద్యానికి అదే ఏడాది చట్టం ఉంది, అందులో రోగి ఫొటో కూడా అనుమతి లేకుండా మీడియాకి ఇవ్వకూడదని రాసుంది. గర్భస్రావం చేయించుకున్న ఆడమనిషి పేరు బయటపెడితే డాక్టరుకి ఏడాది దాకా జైలు. టీబీకి అలాంటి సొంత చట్టం లేదు. డాక్టర్ల నియమాలు డాక్టర్లకే, కిట్టు స్పాన్సర్ చేసిన పెద్దాయనకి వర్తించవు, ఏఎన్ఎంకి వర్తించవు. మిగిలేది 2017 ఆగస్టు 24 నాటి పుట్టస్వామి తీర్పు, వ్యక్తిగత గోప్యత ప్రాథమిక హక్కు అని తొమ్మిది మంది జడ్జీలు చెప్పింది. గొప్ప తీర్పే, కానీ ఇడ్లీ బండి పెట్టుకునే అమ్మ హైకోర్టు దాకా రావాలి దానికోసం.

అందుకని కింది నుంచి మొదలుపెట్టు. ఫొటో స్క్రీన్‌షాట్ తీసి తేదీ కనపడేలా దాచుకో. మెడికల్ ఆఫీసర్ని స్వయంగా కలిసి తీయించమని అడుగు. తియ్యకపోతే జిల్లా టీబీ అధికారికి, జిల్లా వైద్యాధికారికి (డీఎంహెచ్‌ఓ) రాతపూర్వకంగా ఇచ్చి రసీదు తీసుకో. ఆ కిట్లు నిక్షయ్ మిత్ర పథకం కింద ఇస్తారు, 2022 సెప్టెంబరులో మొదలైంది. దాంట్లో చేర్చే ముందు రోగి సమ్మతి తీసుకోవాలి. ఆ సమ్మతి సాయం తీసుకోడానికి, ఫొటోకి కాదు. అర్జీలో ఈ మాట తప్పకుండా రాయి.

ఏఆర్‌టీ_2009 | మంగళవారం రాత్రి 9:52

ఎప్పుడూ చదవడమే, రాయను. ఇవాళ రాస్తున్నా.

నేను 2009 నుంచి హెచ్ఐవీ మందుల మీద ఉన్నా. మా జిల్లా సెంటర్‌కి వెళ్ళను, పక్క జిల్లాకి వెళ్తా, పోను రాను నూట అరవై కిలోమీటర్లు. ఎందుకంటే మా ఊరి సెంటర్ గది బయట బల్ల మీద కూర్చుంటే ఓపీకి వచ్చేవాళ్ళందరికీ కనపడతాం. ఆ గది దేనికో ఊరంతటికీ తెలుసు, బోర్డు చదవక్కర్లేదు.

2013లో నాకు హెర్నియా ఆపరేషన్ పడింది. ఆస్పత్రి పేరు చెప్పను. కేస్ షీట్ మీద పైన ఎర్ర ఇంకుతో పెద్దగా రాశారు. మంచం చివర తగిలించారు. నన్ను చూడ్డానికి వచ్చిన మా బావమరిది నేను నిద్రపోతుంటే ఊరికే తిరగేశాడంట. అంతే. నన్ను ఎవరూ తిట్టలేదు, మాట్లాడ్డం మానేశారు. మా ఆవిడకి అప్పటికే తెలుసు, తనకి నెగెటివ్, అన్నీ డాక్టరు చెప్పినట్టే చేస్తున్నాం. కానీ వాళ్ళ పుట్టింటి నుంచి మూడేళ్ళు ఏ శుభకార్యానికీ పిలుపు రాలేదు. ఆయమ్మ అన్నం ప్లేటు నేల మీద పెట్టి కాలితో ముందుకి తోసింది. అది మాత్రం ఇప్పటికీ మర్చిపోలేను.

వకీలు గారు చెప్పిన 2017 చట్టం 2018 సెప్టెంబరు 10న అమల్లోకి వచ్చింది. మా అనుమతి లేకుండా మా సంగతి ఎవరికీ చెప్పకూడదు, రికార్డులు భద్రంగా పెట్టాలి, ఆస్పత్రిలో ఇరవై మంది గానీ అంతకంటే ఎక్కువ గానీ పనిచేస్తుంటే ఫిర్యాదులు తీసుకునే అధికారి ఉండాలి, రాష్ట్రానికి ఫిర్యాదులు విచారించే అంబుడ్స్‌మన్ ఉండాలి, కోర్టుకి వెళ్తే మారుపేరుతో కేసు నడపమని అడగొచ్చు. ఇవన్నీ కాగితం మీద ఉన్నాయని మాలో చాలామందికి తెలీదు. 2021 లెక్కల్లో ఆంధ్రలో మావాళ్ళు 3.21 లక్షలు, మహారాష్ట్ర తర్వాత మనమే. ఎవరికైనా అవసరమైతే 1097 హెల్ప్‌లైన్, పేరు చెప్పకుండా మాట్లాడొచ్చు.

తమ్ముడూ, అమ్మ మందులు మానేసిందని తిట్టకు. నేనూ ఆ ఆపరేషన్ తర్వాత రెండు నెలలు మానేశా. చావాలని కాదు, ఆ గేటు దాటబుద్ధి కాలేదు.

పల్నాటి_పిల్లోడు | మంగళవారం రాత్రి 10:20

అన్నా, మీ పోస్టు అమ్మకి ఫోన్లో చదివి వినిపించా. చాలాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత ఆ అబ్బాయికి పిల్లలా అని అడిగింది.

ఏఆర్‌టీ_2009 | మంగళవారం రాత్రి 10:41

ఇద్దరు. ఇద్దరికీ నెగెటివ్. పెద్దది ఇంటర్ చదువుతోంది. అమ్మకి చెప్పు.

ఓరుగల్లు_పోరడు | బుధవారం ఉదయం 11:03

నేను మూడేండ్లు ఒక ప్రైవేటు దవాఖానల కంప్యూటర్ ఆపరేటర్‌గ జేసిన, సర్కారు స్కీమ్ కింద వచ్చే పేషెంట్ల కాయితాలు అప్‌లోడ్ చేసుడు నా పని. ఇప్పుడు యాది చేసుకుంటే భయమైతది. ఆపరేషన్ ముందు ఫొటో, తర్వాత కుట్లు కనపడేటట్టు ఫొటో, పెట్టకుంటే క్లెయిమ్ ఆగుతది. దవాఖానల ఇచ్చిన కెమెరా చెడిపోయింది, మేనేజర్‌ని అడిగితే నీ ఫోన్ల తీయి అన్నడు. తీసిన. ఆడోళ్ళ రొమ్ము ఆపరేషన్లు, గర్భసంచి ఆపరేషన్లు, అన్నీ నా సొంత ఫోన్ల. నా చెల్లె ఫోన్ తీసుకొని ఆడుకుంటదని రాత్రి కూసొని డిలీట్ చేస్తుంటి, తర్వాత ఒకనాడు తెలిసింది ఏందంటే అవన్నీ ఆటోమేటిక్‌గ క్లౌడ్లకు పోతున్నయని. అప్పటికే రెండు వేల పైన ఫొటోలున్నయి. నాలుగు రోజులు పట్టింది అన్నీ తీసెయ్యనీకి.

లాగిన్ గూడ అంతే, డాక్టర్ పేరు మీద ఒక్కటే లాగిన్, పాస్‌వర్డ్ మానిటర్ కింద కాయితం మీద రాసి అతికిచ్చి ఉంటది, ముగ్గురం ఆపరేటర్లం, నైట్ల సెక్యూరిటీ ఆయన గూడ అండ్లనే పేర్లు వెతికి వార్డు చెప్తుండె. ఎవరు ఏం జూసిన్రో రేపు లెక్క తీద్దామంటే అన్నిట్ల డాక్టర్ పేరే వస్తది. మేం చెడ్డోళ్ళం గాదు, జీతం పదకొండు వేలు, చెప్పేటోడు ఎవ్వడు లేడు. కానీ ఆ ఫొటోల ఉన్నోళ్ళకు తెలిస్తే ఎట్లుంటుండె?

సర్వర్_రూమ్ | బుధవారం సాయంత్రం 7:30

సెక్యూరిటీ ఫీల్డులో ఉన్నా, పై పోస్టు చూశాక రాయకుండా ఉండలేకపోయా. జనం హ్యాకింగ్ అంటే ఎక్కడో విదేశాల్లో కూర్చుని చేసేది అనుకుంటారు. అదీ ఉంది. 2022 నవంబరు 23న ఢిల్లీ ఎయిమ్స్ మీద రాన్సమ్‌వేర్ దాడి, అంటే డేటా లాక్ చేసి డబ్బు అడిగే రకం దాడి జరిగింది, ఐదు సర్వర్లు, దాదాపు 1.3 టెరాబైట్ల డేటా లాక్ చేసేశారు, రెండు వారాల దాకా ఓపీ చీటీల దగ్గర్నుంచి ల్యాబ్ రిపోర్టుల దాకా చేత్తో రాసుకున్నారు. 2023 జూన్‌లో టెలిగ్రామ్‌లో ఒక బాట్‌కి ఫోన్ నంబరు ఇస్తే కరోనా వ్యాక్సిన్ వేయించుకున్న వాళ్ళ వివరాలు వచ్చేశాయి, వ్యాక్సిన్ రిజిస్ట్రేషన్ పోర్టల్ కోవిన్ నుంచి లీక్ కాలేదని కేంద్రం అంది, తర్వాత బిహార్‌లో ఒకర్ని అరెస్టు చేశారు. కానీ ఇక్కడ ఇద్దరు చెప్పినవాటికి హ్యాకరు అవసరమే లేదు. అతికించిన పాస్‌వర్డ్ చాలు, ఒక వాట్సాప్ ఫార్వర్డ్ చాలు. అంతకంటే ఇబ్బందేంటంటే హ్యాక్ అయితే కనీసం కేసు పెడతారు, వార్డులో లీక్ అయితే అది లీక్ అని కూడా ఎవరూ అనుకోరు.

కొత్త చట్టం గురించి ఎవరైనా అడుగుతారని ముందే చెప్తున్నా. డిజిటల్ వ్యక్తిగత డేటా పరిరక్షణ చట్టం 2023 ఆగస్టులో వచ్చింది, రూల్స్ 2025 నవంబరులో వచ్చాయి, అసలు బాధ్యతలు అమలయ్యేది ఆ తర్వాత పద్దెనిమిది నెలలకి. డేటా కాపాడకపోతే 250 కోట్ల దాకా జరిమానా. వినడానికి బాగుంది, కానీ ఆ జరిమానా వెళ్ళేది ప్రభుత్వ ఖజానాకి, నష్టపోయిన మనిషికి రూపాయి రాదు. పాత ఐటీ చట్టంలో నష్టపరిహారం అడిగే సెక్షన్ 43ఏ ఉండేది, దాన్ని తీసేయాలని ఈ చట్టంలోనే రాశారు. ఆ సెక్షన్ కూడా కంపెనీలకే గానీ సర్కారు ఆస్పత్రులకి వర్తించేది కాదు. ఆరోగ్య సమాచారం మిగతా వాటికంటే సున్నితమైందని 2011 రూల్స్‌లో విడిగా రాశారు, కొత్త చట్టంలో ఆ విభజన లేదు. ఫోన్ నంబరూ ఒకటే హెచ్ఐవీ రిపోర్టూ ఒకటే. ఆరోగ్య డేటా కోసమే 2018లో దిశ అని ఒక ముసాయిదా పెట్టారు, అది చట్టం కాలేదు. నాకు దీని మీద చాలా కోపం ఉంది.

మామిడితోపు_మంజు | బుధవారం రాత్రి 8:12

టాపిక్ పక్కకి పోతే క్షమించండి. గవర్నమెంట్ ఆస్పత్రికి వెళ్తే ఆభా కార్డు తీసుకోమంటున్నారు, మన ఆరోగ్య రికార్డుల కోసం ఇచ్చే పద్నాలుగు అంకెల నంబరు. తీసుకోవాలా వద్దా? మా అత్తగారి ఫోన్ లైన్లో నిలబడ్డ ఎవరో అబ్బాయి తీసుకుని ఓటీపీ కొట్టేశాడు.

సర్వర్_రూమ్ | బుధవారం రాత్రి 8:40

అది తప్పనిసరి కాదండీ, లేకపోయినా వైద్యం చెయ్యాల్సిందే. ఉంటే మీ పాత రిపోర్టులు ఇంకో ఆస్పత్రిలో డాక్టరుకి చూపించడం తేలిక, మీరు ఒప్పుకుంటేనే వాళ్ళకి కనపడాలి, దాని రూలు అదే. కాబట్టి దాన్ని చూసి భయపడక్కర్లేదు. ఆ ఒప్పుకోవడం అనేది ఫోన్లో వచ్చే ఓటీపీతోనే జరుగుతుంది, దాన్ని లైన్లో ఎవరో కొట్టేస్తే ఒప్పుకున్నది ఆ అబ్బాయి, మీ అత్తగారు కాదు. ఈసారి మీరే వెంట వెళ్ళి దగ్గరుండి చెయ్యండి.

లీడ్స్_సిస్టర్ | గురువారం తెల్లవారుజాము 2:18

నేను ఒంగోలు దగ్గర జీఎన్ఎం నర్సింగ్ కోర్సు చేసి, తర్వాత యూకే వచ్చాను, ఇక్కడ సర్కారు ఆస్పత్రిలో నర్సుని. ఇక్కడంతా బాగుందని చెప్పడానికి రాయట్లేదు, 2017 మేలో వనక్రై వైరస్ వచ్చి ఇక్కడి ఆస్పత్రుల్లో అపాయింట్‌మెంట్లు వేలల్లో రద్దయ్యాయి.

కానీ ఒక తేడా మాత్రం బాగా ఒంటబట్టింది. నేను కంప్యూటర్ తెరవాలంటే నా కార్డు పెట్టాలి. ఏ పేషెంటు ఫైలు ఎప్పుడు తెరిచానో నా పేరు మీద పడుతుంది. నా వార్డులో లేని పేషెంటు ఫైలు, అది మా ఆయనదైనా సరే, ఊరికే తెరిస్తే సంజాయిషీ చెప్పుకోవాలి, ఉద్యోగం పోయే దాకా వెళ్తుంది. 1997లో ఫియోనా కాల్డికాట్ అనే డాక్టరమ్మ ఇచ్చిన నివేదిక నుంచి ఇక్కడి సర్కారు వైద్య వ్యవస్థ ఎన్‌హెచ్‌ఎస్‌లో ప్రతి సంస్థలోనూ కాల్డికాట్ గార్డియన్ అని ఒక పెద్ద స్థాయి మనిషి ఉంటారు, రోగుల సమాచారం ఎవరికి ఎంతవరకు వెళ్ళాలో చూసే బాధ్యత వాళ్ళది. డౌటొస్తే అడగడానికి ఒక మనిషి ఉన్నారు, అదీ తేడా.

ఇండియాలో నేను ట్రైనింగులో ఉన్నప్పుడు రౌండ్స్‌లో సార్ మంచం పక్కన నిలబడి పదిహేను మంది స్టూడెంట్ల ముందు గట్టిగా చెప్పేవారు, ఈమెకి సుఖవ్యాధి అని. ఆమె గోడ వైపు తిరిగేది. నేను నోట్సు రాసుకునేదాన్ని. అది తప్పని నాకు ఇక్కడికొచ్చాకే తట్టింది, ఆ ఆలస్యానికి ఇప్పటికీ బాధగా ఉంటుంది.

డ్యూటీ_డాక్టర్ | గురువారం ఉదయం 7:50

లీడ్స్ సిస్టర్ గారూ, ఇక్కడ ఇప్పటికీ అలాగే ఉందండీ. నా ఓపీలో ఒకే గదిలో రెండు టేబుళ్ళు, పొద్దున్నుంచి మధ్యాహ్నం దాకా నూట యాభై మంది, నా భుజం మీద నుంచి పక్క పేషెంటు చీటీ చదువుతుంటాడు. పోయిన ఏడాది ఒక అమ్మాయి నెల తప్పిందని అడగడానికి వచ్చి నాకు చెప్పలేక చెప్పలేక కడుపునొప్పి అంది. నేను స్కాన్ రాశా. బయట అటెండరు స్కాన్ పేరు చదివి అందరికీ వినపడేలా పెళ్ళయిందా అని అడిగాడు. ఆ అమ్మాయి చీటీ బెంచీ మీద పెట్టి వెళ్ళిపోయింది, మళ్ళీ రాలేదు. ఎక్కడికి వెళ్ళిందో, ఎవరి చేతుల్లో పడిందో అని చాలా రోజులు అనుకున్నా.

ఆ తర్వాత నేను చేసింది చిన్నదే. పాత దుప్పటి తెర కట్టించా. నా కుర్చీ మూలకి జరిపి పేషెంటు వీపు జనం వైపు, మొహం నా వైపు ఉండేలా పెట్టా. పేరు బదులు టోకెన్ నంబరు పిలవమన్నా. పేషెంట్లు మాట్లాడే తీరు మారిపోయింది, నిజంగా. ఆడవాళ్ళు తెల్లబట్ట గురించి, మగవాళ్ళు తాగుడు గురించి నాతో చెప్పడం మొదలైంది. జబ్బు చెప్పుకుంటేనే కదా నేను మందు రాసేది.

వీధి_అరుగు | గురువారం మధ్యాహ్నం 12:25

అన్నీ చదివాను. ఆ అమ్మగారి బండి విషయంలో నేను అన్నది తప్పే, ఇడ్లీతో రాదని నాకు తెలీదు, మా ఊళ్ళో ఎవరికీ తెలీదు. పిల్లోడా, ఏమనుకోకు. కానీ కరోనా లాంటివి మళ్ళీ వస్తే వీధిలో వాళ్ళకి అసలేం చెప్పకూడదు అంటే మాత్రం ఒప్పుకోలేను. పేరు లేకుండా ఈ వీధిలో ఉంది, జాగ్రత్త అని చెప్పొచ్చు కదా, అలాంటిదేదో ఉండాలి.

కోర్టు_మెట్లు | గురువారం రాత్రి 9:05

పేరు లేకుండా చెప్పడంలో తప్పేం లేదు సార్, అది వేరు, ఇది వేరు. నాలుగిళ్ళున్న వీధిలో పేరు చెప్పకపోయినా తెలిసిపోతుంది, అది మాత్రం గుర్తుపెట్టుకోవాలి.

పల్నాటి_పిల్లోడు | పన్నెండు రోజుల తర్వాత, మంగళవారం రాత్రి 9:30

అందరికీ అప్‌డేట్. సెలవు పెట్టి ఊరెళ్ళా. అర్జీ రాసుకునే వెళ్ళా, కోర్టు మెట్లు అన్న చెప్పినట్టే. అమ్మ మాత్రం ముందు మాట్లాడు, కాగితం తర్వాత అంది. మెడికల్ ఆఫీసర్ గారు అరగంట కూర్చోబెట్టి విన్నారు. ఫొటో తీసింది వాళ్ళ సిబ్బందే, ఊరి గ్రూపులోకి పంపింది మాత్రం స్పాన్సర్ గారి మనిషంట. ఆయన నా ముందే ఫోన్ చేసి గ్రూపు నుంచి తీయించారు. ఎవరి ఫోన్లో ఎన్ని కాపీలున్నాయో మాత్రం నేనేం చెయ్యలేను, అది తలుచుకుంటే ఇప్పటికీ కడుపు రగిలిపోతుంది.

ఆ ఎనిమిది మందిలో ఇంకో ముగ్గురు కూడా మందులు ఆపేశారని అక్కడే తెలిసింది. ఒకాయన ఊరే వదిలి కూలికి వెళ్ళిపోయాడంట, ఫోన్ ఎత్తట్లేదు. అది విన్నాక అమ్మే అంది, కాగితం ఇచ్చెయ్యిరా అని. జిల్లా టీబీ అధికారికి ఇచ్చాం, రసీదు ఉంది, కిట్టుకి ఒప్పుకోవడం ఫొటోకి ఒప్పుకోవడం కాదు అన్న వాక్యం అలాగే రాశా. మిగతా ముగ్గురి పేర్లు రాయలేదు, వాళ్ళని అడగలేదు కాబట్టి.

అమ్మ ఐడీ మా పిన్ని వాళ్ళ మండలానికి మార్పించాం. మందులు మొదలుపెట్టింది. బండి ఇంకా తియ్యలేదు.

సబ్‌సెంటర్_సిస్టర్ | బుధవారం ఉదయం 5:50

సంతోషం బాబూ. నా ఫోన్లో ఉన్న పాత ఫొటోలు అన్నీ చూసుకుని తీసేశాను, మండలం గ్రూపులో పెట్టినవి తియ్యమని అడిగాను, కొన్ని తీశారు. పోయిన శుక్రవారం కిట్లు వస్తే ఫ్లెక్సీ వద్దన్నాను. సంచిలో పెట్టి సాయంత్రం ఇళ్ళకే పట్టుకెళ్ళి ఇచ్చాను, ప్రూఫ్ కోసం ఖాళీ టేబుల్ మీద కిట్లు పేర్చి ఫొటో తీసి పెట్టాను. పైనుంచి అడిగారు, పేషెంట్లు ఏరీ అని. ఇస్తే తీసుకున్నారు సార్, సంతకాలు నా దగ్గరున్నాయి అన్నాను. ఇంకా జవాబు రాలేదు. వచ్చాక చెప్తాను.

అమ్మకి వేళకి తినమని చెప్పు, మాత్రలకి కడుపులో తిప్పితే ఆపకుండా అక్కడి సిస్టర్‌ని అడగమను.

పల్నాటి_పిల్లోడు | బుధవారం ఉదయం 7:15

చెప్పాను సిస్టర్. రాత్రి పప్పు నానబోసిందంట. రేపు పిన్ని వాళ్ళ వీధి చివర పెడుతుంది, రెండు వాయలతో.